మూకీకి దినాలు కాలేదు

చేర్యాల నకాషీ చిత్రకారులు గీసిన కథ పటం రెండు మూడు తరాలు ఊరూరా తిరిగేది. చుట్టి విప్పి, చుట్టి విప్పి బట్ట చీకిపోయేది, రంగు పెచ్చులు లేచేది. ఇక కథకు పనికిరాదని తేలాక పటం కథవాళ్లు దాన్ని మూలన పడేసేవాళ్లు కారు. పోయిన మనిషికి చేసినట్టే కర్మ జరిపి ఏట్లో కలిపేవాళ్లు. పాత పటాలు మ్యూజియాలకు కూడా అరుదుగా దొరకడానికి అదీ ఒక కారణం. అట్లా పోయిన పటాల కోసం నాకు దుఃఖం లేదు. వాటికి జరగాల్సింది జరిగింది.

జరగనిది మూకీ సినిమాకు. అందులోనూ తొలినాళ్ల చిన్న మూకీకి. ఒక రీలు, మహా అయితే రెండు రీళ్లు, పావుగంటలోనో అరగంటలోనో పుట్టి ముగిసిపోయే బొమ్మ. 1931 మార్చి 14న బొంబాయిలో 'ఆలం ఆరా' విడుదలైంది. 1932 ఫిబ్రవరి 6న మన 'భక్త ప్రహ్లాద' వచ్చింది. బొమ్మకు మాట వచ్చిందన్న సంబరంలో జనం హాళ్ల మీద పడ్డారు, పడటమూ సహజమే. ఆ సంబరంలో పోయిందేమిటని అడిగినవాళ్లు లేరు. రీళ్లను అమ్ముకున్నారు, కరిగించారు, కాల్చారు, మర్చిపోయారు. తొంభై ఏళ్లు దాటాక, సినిమాతో ఏ చుట్టరికమూ లేని ఊరి నుంచి, ఆ కర్మ నేను చేయబోతున్నాను.

మాది రఘునాథపల్లి. ఒకప్పుడు వరంగల్ జిల్లా, ఇప్పుడు జనగామ జిల్లా. సర్వాయి పాపన్న కోట ఉన్న ఖిలాషాపూర్ మా మండలంలోదే. అయినా బయటివాళ్లకు మా ఊరు తెలిసేది సికింద్రాబాద్–కాజీపేట లైన్లో, జనగామ దాటాక వచ్చే చిన్న స్టేషన్‌గానే. నిజాం కాలంలో పడిన పట్టాలవి. సూపర్ ఫాస్టులు ఆగవు, పాసింజర్లు ఆగుతాయి. ఆగని రైలు స్టేషన్ దాటేటప్పుడు ప్లాట్‌ఫారం మీద లేచే దుమ్ము, ఎర్రజెండా, పచ్చజెండా, అర్ధరాత్రి ఒంటరిగా వెలిగే స్టేషన్ మాస్టర్ గది. ఇవి చూస్తూ పెరిగినవాణ్ని కాబట్టి, అమెరికా తొలి మూకీల్లో నాకు అన్నింటికన్నా దగ్గరైంది ఒక రైల్వే స్టేషన్ కథ.

దాని పేరు 'ది లోన్‌డేల్ ఆపరేటర్'. 1911లో బయోగ్రాఫ్ కంపెనీకి డి.డబ్ల్యు. గ్రిఫిత్ తీశాడు. పదిహేడు నిమిషాలు. ఎక్కడో విసిరేసినట్టున్న స్టేషన్. టెలిగ్రాఫ్ ఆపరేటర్‌కు ఒంట్లో బాగాలేక కూతురు డ్యూటీలో కూర్చుంటుంది. ఆమె మనసిచ్చిన పిల్లగాడు ఇంజన్ డ్రైవర్, అతను బండి తీసుకుని వెళ్లిపోతాడు. తర్వాతి బండిలో గని కూలీల జీతాల సంచి దిగుతుంది. ఇద్దరు దొంగలు దాన్ని పసిగడతారు. పిల్ల తలుపు గడియ పెట్టుకుని టెలిగ్రాఫ్ కొడుతుంది. అవతలి స్టేషన్ ఆపరేటర్ కునుకుతున్నాడు! అక్కణ్నుంచి బొమ్మ మూడు చోట్ల ఉరుకుతుంది: విరగబోతున్న తలుపు, లోపల పిల్ల, దౌడు తీస్తున్న ఇంజన్. దొంగలు లోపలికి వచ్చేసరికి దీపం ఆర్పి, చేతిలో మెరుస్తున్న పిస్తోలు పట్టుకుని పిల్ల నిలబడి ఉంటుంది. ఆ చీకటి కనిపించాలని ఫిల్ముకు నీలం రంగు అద్దారు. ఇంజన్ డ్రైవర్ వచ్చేదాకా ఇద్దరు దొంగల్నీ అట్లాగే నిలబెడుతుంది. ఆఖర్న కెమెరా ఆమె చేతి దగ్గరికి వెళ్తుంది. అది పిస్తోలు కాదు.

ఒక ఎండాకాలం సెలవుల్లో, ప్రొజెక్టర్ అడిగి తెచ్చి, మా వాడకట్టులో సున్నం వేసిన గోడ మీద ఈ బొమ్మ వేశాను. పిల్లలు ముందు, అరుగుల మీద పెద్దలు. మధ్యలో ఇంగ్లీషు అక్షరాల అట్ట పడగానే చదివి చెప్పబోయాను. "ఆగు బిడ్డా, మాకు తెలుస్తాంది" అన్నది వరుసకు పెద్దమ్మ అయ్యే ఒకామె. ఆమెకు తెలుగు అక్షరాలూ రావు. ఆఖర్న ఆ పిల్ల గుప్పిట తెరపైకి రాగానే, అందరికన్నా ముందు కేకేసింది రైల్వేలో గ్యాంగ్‌మన్‌గా చేసి రిటైరైన తాత: "ఓర్నీ, పానా! గది పానా!" బోల్టులు బిగించే పానా ఆయన చేతిలో ముప్ఫై ఏళ్లు ఉంది. న్యూయార్కు కంపెనీవాళ్లు వందేళ్లకు పూర్వం దాచిపెట్టిన గుట్టు, మధ్యలో ఎవరి మాటా అవసరం లేకుండా ఆయనకు అందింది.

ఇంతకన్నా నేను ఎంత చెప్పినా మూకీ అంటే ఏమిటో చెప్పలేను. చదువు రానివాడు, పరాయి భాషవాడు, చెవుడు ఉన్నవాడు అన్న తేడా లేకుండా మనుషుల్ని ఒకే చాప మీద కూర్చోబెట్టిన కళ అది. అమెరికాలోనూ అది పెరిగింది అట్లాంటివాళ్ల మధ్యే. 1905లో పిట్స్‌బర్గ్‌లో ఒక కొట్టును హాలుగా మార్చి 5 సెంట్ల నాణేనికి, అంటే ఒక నికెల్‌కు, బొమ్మలు చూపించడం మొదలుపెట్టారు. నాలుగైదు ఏళ్లలోనే నికెలోడియన్లు అనే ఆ కొట్లు వేలల్లో లేచాయి. వాటిలో కూర్చున్నది గనుల్లో, మిల్లుల్లో పని చేసే కూలీలు, ఇటలీ నుంచి, పోలండు నుంచి, రష్యా నుంచి వలస వచ్చి ఇంకా ఇంగ్లీషు నోటికి రానివాళ్లు. వాళ్ల డబ్బులతోనే హాలీవుడ్ పునాది పడింది.

అంతకు ముందు సంగతి క్లుప్తంగా చెప్పుకుందాం. 1894 జనవరిలో ఎడిసన్ ప్రయోగశాలలో ఫ్రెడ్ ఆట్ అనే పనివాడు తుమ్మితే దాన్ని ఐదు సెకన్ల బొమ్మ చేశారు. ఒక తుమ్ము! దాన్ని కూడా మనిషి మళ్లీ మళ్లీ చూడాలనుకుంటాడని వాళ్లకు ఎట్లా తట్టిందో. 1903లో ఎడ్విన్ పోర్టర్ తీసిన 'ది గ్రేట్ ట్రెయిన్ రాబరీ' పన్నెండు నిమిషాల్లో దోపిడీ, వెంటాడటం, ఎదురుకాల్పులు అన్నీ చూపించింది. అందులో ఒక దొంగ సూటిగా చూసేవాళ్ల మీదికే తుపాకి పేలుస్తాడు. ఆ ముక్కను బొమ్మ మొదట్లో వేస్తారో చివర్లో వేస్తారో హాలువాళ్ల ఇష్టానికి వదిలేశారు. బొమ్మ అప్పటికింకా అంత వదులుగా ఉండేది, చూపించేవాడి చేతిలో కూడా సగం తయారయ్యేది.

ఒక రీలంటే 1000 అడుగుల ఫిల్ము. అడుగుకు 16 చొప్పున 16,000 చిత్రాలు. సెకనుకు 16 తిప్పితే పదహారు నిమిషాల పైచిలుకు వస్తుంది, 24 తిప్పితే పదకొండు నిమిషాలకే అయిపోతుంది. మోటారు లేదు, ఆపరేటర్ చేత్తో హ్యాండిల్ తిప్పేవాడు. ఏడుపు దగ్గర నిదానంగా, పరుగు దగ్గర జోరుగా. పాత సినిమాల్లో మనుషులు గిలగిలా కొట్టుకుంటూ నడుస్తారని ఇవాళ్టి పిల్లలు నవ్వుతారు. ఆ గిలగిల చాలామటుకు మనం చేసిన అన్యాయం. నిదానంగా తిప్పాల్సిన ఫిల్మును తర్వాతి కాలపు మిషన్ల మీద జోరుగా తిప్పాం. సరైన వేగంలో చూస్తే ఆ మనుషులు మనలాగే నడుస్తారు, మనలాగే కన్నీళ్లు తుడుచుకుంటారు.

గ్రిఫిత్ 1908 నుంచి 1913 దాకా బయోగ్రాఫ్‌లో దాదాపు 450 చిన్న బొమ్మలు తీశాడు. తర్వాత అతను తీసిన పెద్ద సినిమా 'ది బర్త్ ఆఫ్ ఎ నేషన్' నల్లజాతివాళ్ల మీద విషం చిమ్మింది, దానికి అతన్ని క్షమించడం నా వల్ల కాదు. అయితే ఆ 450లో ఒకటి 1909 నాటి 'ఎ కార్నర్ ఇన్ వీట్'. పద్నాలుగు నిమిషాలు. గోధుమల వ్యాపారి సరుకంతా గుప్పిట్లో పెట్టుకుంటాడు. బజార్లో రొట్టె ధర రెట్టింపవుతుంది. అక్కడ గ్రిఫిత్ ఒక పని చేశాడు. పక్కపక్కనే వ్యాపారి విందును, రొట్టెల దుకాణంలో పేదల వరసను చూపిస్తూ, ఆ వరసలోని మనుషుల్ని శిలల్లాగ కదలకుండా నిలబెట్టాడు. కదలడమే బతుకైన బొమ్మలో కదలని మనుషులు! చివరికి ఆ వ్యాపారి తన గోధుమల గోదాములోనే జారిపడి, పైనుంచి కురుస్తున్న గింజల కింద ఊపిరాడక చస్తాడు. రైతుకు ఆ చావుతో ఏమీ ఒరగదు. ఆఖరి దృశ్యంలో అతను ఒక్కడే చేలో విత్తనాలు చల్లుకుంటూ నడుస్తుంటాడు.

ఎనుమాముల మార్కెట్‌కు పత్తి తోలుకుపోయి, పొద్దున్న ఒక ధర, మాపటికి ఒక ధర విని తిరిగొచ్చిన రైతుకు ఈ బొమ్మను ఎవరూ విడమర్చి చెప్పనక్కర్లేదు. వరంగల్ జిల్లా రైతు గురించి ఇంత సూటిగా మాట్లాడిన తెలుగు సినిమాలు వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు. ఒక్క మాటా లేకుండా మాట్లాడిన బొమ్మ ఇది.

ఇక మన ఇంటి సంగతి.

రఘుపతి వెంకయ్య బందరు మనిషి. మద్రాసు మౌంట్ రోడ్డులో ఫొటో స్టూడియో నడిపేవాడు. 1910 ప్రాంతంలో, కదిలే బొమ్మల మీది మోజుతో స్టూడియోను తాకట్టు పెట్టి, ఫ్రాన్సు గామాంట్ కంపెనీవాళ్ల క్రోనోమెగాఫోన్ తెప్పించాడు. తెర మీద బొమ్మ ఆడుతుంటే, దానికి జతకలిపిన గ్రామఫోను ప్లేటు పాడుతుంది. గాలి ఒత్తిడితో ఆ పాటను హాలంతా వినిపించేలా పెంచుతారు. మద్రాసు విక్టోరియా పబ్లిక్ హాల్లో ఆ చిట్టి బొమ్మలు వేశాడు. తర్వాత డేరా కట్టుకుని బెజవాడ, బెంగుళూరు, సింహళం, బర్మా తిరిగాడు. ఆ ప్రయాణం ఊహించుకుంటే నాకు ఒళ్లు పులకరిస్తుంది. మిషన్, రీళ్ల పెట్టెలు, డేరా గుడ్డ, తెర, గుంజలు. ఓడ దిగి బండి, బండి దిగి ఇంకో ఊరు. ఎక్కడ దిగినా అక్కడి భాష వేరు, బొమ్మ మాత్రం అదే.

1914 ప్రాంతంలో మద్రాసులో గెయిటీ థియేటర్ కట్టాడు, ఆ నగరంలో ఒక భారతీయుడు కట్టిన మొదటి సినిమా హాలు. తర్వాత క్రౌన్, గ్లోబ్. సరిగ్గా అప్పుడే మొదటి ప్రపంచ యుద్ధం వచ్చి ఫ్రాన్సు, ఇటలీ స్టూడియోలు చతికిలపడ్డాయి. ఆ ఖాళీలోకి అమెరికా రీళ్లు వరదలా వచ్చాయి. రెండేసి రీళ్ల చొప్పున వారం వారం నడిచే సీరియళ్లు, పట్టాల మీది నుంచి తప్పించుకునే పెర్ల్ వైట్, ఫైటింగుల ఎడ్డీ పోలో, ఆ వెనకే పొట్టి మీసం, పెద్ద బూట్ల చాప్లిన్. 1927లో ప్రభుత్వం వేసిన రంగాచారి కమిటీ లెక్క తీస్తే, దేశంలో ఆడుతున్న సినిమాల్లో సుమారు 85 శాతం విదేశీవే, వాటిలో అత్యధికం అమెరికావే. కాబట్టి అమెరికా చిన్న మూకీకి నేను నివాళి రాయడం పరాయివాళ్ల పెరట్లో ఏడవడం కాదు. మన తాతలకు సినిమా చూడటం నేర్పింది ఆ రీళ్లే.

ఆంధ్రదేశంలో మొదటి పక్కా సినిమా హాలు 1921లో బెజవాడలో పోతిన శ్రీనివాసరావు కట్టించిన మారుతి. మిగతా ఊళ్లలో డేరాలే. నేల మీద ఇసుక పోసి, ఆడవాళ్లకు మగవాళ్లకు మధ్య తడక కట్టి, రాత్రి చీకటి పడ్డాక ఆట. డేరాలో గానీ హాల్లో గానీ మూకీ ఏనాడూ నిశ్శబ్దంగా ఆడలేదన్నది గుర్తుపెట్టుకోవాలి. తెర పక్కన హార్మోనియం, తబలా. వాటితో పాటు ఒక మనిషి నిలబడి అట్టల మీది ఇంగ్లీషును తెలుగు చేసి, అంతటితో ఆగకుండా తన సొంత మాటలు కలిపి కథ నడిపేవాడు. హీరో వస్తే జేజేలు కొట్టించేవాడు, విలన్ను తిట్టించేవాడు. అట్లా మూకీలకు వ్యాఖ్యానం చెప్పిన కుర్రాడొకడు తర్వాత 'గుణసుందరి కథ'లో కథానాయకుడయ్యాడు, మనందరినీ నవ్వించాడు. కస్తూరి శివరావు. ఆయన గొంతులోని ఆ విరుపు, ఆ ఒడుపు మూకీ తెర పక్కన నిలబడి సాధించినవనే నేను నమ్ముతాను.

ఆ వ్యాఖ్యాత తెలంగాణకు కొత్తవాడు కాదు. పటం విప్పి పుల్లతో బొమ్మను చూపిస్తూ రాత్రంతా కథ చెప్పే కాకిపడగలవాళ్లు, కూనపులివాళ్లు చేసిందీ అదే. బొమ్మ మూగది, పక్కనున్న మనిషి దాని నోరు. కూనపులివాళ్లు పద్మశాలీలకు చెప్పేది మార్కండేయ పురాణం. ఇటు పటం మీద మార్కండేయుడు శివలింగాన్ని కావలించుకుంటున్న కాలంలోనే, అటు కాకినాడలో చిత్తజల్లు పుల్లయ్య తన ఇంట్లోనే కెమెరా పెట్టి 'మార్కండేయ' మూకీ తీశాడు. యముడి వేషం తనే వేశాడు. ఒకే బాలుడు, ఒకే యమపాశం, ఒకచోట సుద్దమట్టి పూత పూసిన బట్ట మీద, ఇంకోచోట ఫిల్ము మీద. రెండు చోట్లా పక్కన ఒక మనిషి గొంతు. ఈ రెండింటినీ ఎవరైనా పక్కపక్కన వేసి చూపించగలిగితే ఎంత బాగుండేది! పటం దొరుకుతుంది. పుల్లయ్య బొమ్మ దొరకదు.

వెంకయ్య కొడుకు సూర్యప్రకాశ్, అందరూ ఆర్. ప్రకాశ్ అనేవారు, ఇంగ్లండులో బార్కర్ మోషన్ ఫొటోగ్రఫీ కంపెనీలో పని నేర్చుకుని, జర్మనీ, అమెరికా తిరిగి వచ్చాడు. తండ్రీకొడుకులు మద్రాసులో స్టార్ ఆఫ్ ది ఈస్ట్ కంపెనీ పెట్టి, పగటి వెలుతురు పడేలా గాజు స్టూడియో కట్టి, 1921లో 'భీష్మ ప్రతిజ్ఞ' తీశారు. ప్రకాశే భీష్ముడు. పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్ల యువతి గంగ. మన ఆడవాళ్లు కెమెరా ముందుకు రావడానికి ఇష్టపడని రోజులవి. నోరు విప్పనక్కర్లేదు కాబట్టి భాష రాని అమ్మాయి కూడా గంగాదేవి కాగలిగింది. పుల్లయ్య, వై.వి. రావు లాంటివాళ్లు అక్కడే ఓనమాలు దిద్దారు. ప్రకాశ్ ఆ తర్వాత 'గజేంద్ర మోక్షం', 'నందనార్' వంటి మూకీలు తీశాడు.

నైజాంలో కథ వేరు. హైదరాబాదులో చిత్రలేఖనం నేర్పే ధీరేన్ గంగూలీ అనే బెంగాలీ, కలకత్తా వెళ్లి సినిమా తీసి, 1922లో తిరిగొచ్చి లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. నిజాం అండ ఉంది. 'లేడీ టీచర్', 'మ్యారేజ్ టానిక్', 'చింతామణి', 'యయాతి' వరసగా తీశాడు. అందులో పురాణాలే కాదు, మన ఇళ్లలోని పెళ్లిళ్లు, చదువులు, వేషాల మీద హాస్యం కూడా ఉంది. రెండేళ్లు గడిచాయో లేదో, తన హాల్లో 'రజియా బేగం' సినిమా వేశాడు. ముస్లిం రాణికి, హిందూ యువకుడికి మధ్య ప్రేమ. నిజాంకు కోపం వచ్చింది. వెంటనే రాజ్యం విడిచి వెళ్లమని ఫర్మానా. గంగూలీ కలకత్తా వెళ్లి పెద్దవాడయ్యాడు, 1975లో దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నాడు. హైదరాబాదు సినిమా మాత్రం పసిగుడ్డుగానే పోయింది. ఒక్క మాట కూడా పలకని బొమ్మకు ఒక రాజ్యం భయపడింది చూడండి. గంగూలీని ఆనాడు ఉండనిచ్చి ఉంటే, మా జనగామ, మా ఓరుగల్లు మనుషులు మద్రాసు కోసం ఎదురుచూడకుండా ముప్ఫయ్యేళ్లు ముందే తెర మీద కనపడి ఉండేవాళ్లన్నది నా గట్టి నమ్మకం.

మూకీ ముసలిదై పోలేదు. ఒంట్లో సత్తువ నిండుగా ఉన్నప్పుడు పోయింది. 1920లో బస్టర్ కీటన్ 'వన్ వీక్' తీశాడు: కొత్తగా పెళ్లయిన జంట ముక్కలుగా వచ్చిన ఇంటిని బిగించుకుంటారు, నంబర్లు తారుమారై ఇల్లంతా వంకర్లు పోతుంది. రెండు రీళ్లలో ఒక సంసారం మొత్తం ఉంది. చాప్లిన్ 1917లో తీసిన 'ది ఇమిగ్రెంట్' రెండు రీళ్లే. ఓడలో వలస కూలీలు, దూరాన స్వేచ్ఛాదేవి విగ్రహం కనపడగానే వాళ్లను తాళ్లతో పశువుల్లా ఆపడం. దుబాయికి, మస్కట్‌కు కొడుకుల్ని పంపిన మా పల్లెల్లో ఆ తాడు అందరికీ అర్థమవుతుంది. ఆలం ఆరా వచ్చిన 1931లోనే చాప్లిన్ 'సిటీ లైట్స్' అనే మూకీ విడుదల చేసి, నేను మాట్లాడనని భీష్మించుకున్నాడు. ఆయన ఒక్కడు ఆపితే ఆగేది కాదు.

మాట వల్ల మనకు పద్యం దక్కింది, పాట దక్కింది, ఘంటసాల దక్కాడు. వాటిని కాదనే మూర్ఖత్వం నాకు లేదు. కానీ మాటతో పాటే బొమ్మ చుట్టూ కంచె పడింది. మద్రాసులో తీసిన బొమ్మ అట్టలు మార్చుకుని రంగూన్లోనూ బొంబాయిలోనూ ఆడే వీలు పోయింది. తెర పక్కన నిలబడే మనిషికి పని పోయింది. హార్మోనియం వాయించేవాడికి పని పోయింది. పది నిమిషాల్లో కథ చెప్పే విద్య పోయింది, మూడు గంటలు వచ్చింది.

పోయినవి పోగా, ఉన్న రీళ్లనూ నిలుపుకోలేకపోయాం. ఆ కాలపు ఫిల్ము నైట్రేట్. దూది నుంచి, నత్రికామ్లంతో చేస్తారు, తుపాకి మందుకు చుట్టం. ఒకసారి అంటుకుంటే నీళ్లలో ముంచినా ఆరదు, మండటానికి కావలసిన ఆక్సిజన్ దాని ఒంట్లోనే ఉంటుంది. పాడైన రీలైతే 40 డిగ్రీల వేడి దాటితే తనంతట తానే అంటుకునే ప్రమాదం ఉంది. మన మే నెల సంగతి చెప్పేదేముంది! కాలనివి కూడా మిగల్లేదు. ఫిల్ములోని వెండి కోసం రీళ్లను కరిగించారు. మిగిలిన పట్టీతో ఆడవాళ్ల గాజులు, చేతిసంచులు చేశారు. ఏ భీష్ముడి ముఖం ఏ అమ్మాయి చేతికి గాజై పగిలిపోయిందో.

అమెరికాలోనూ నష్టం తక్కువేం కాదు. 1912 నుంచి 1929 దాకా వచ్చిన 10,919 పెద్ద మూకీల్లో, అసలు రూపంలో మిగిలినవి 14 శాతమేనని 2013లో అక్కడి లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ తేల్చింది. కానీ అక్కడ తొలి చిన్న బొమ్మలను ఒక చట్టంలోని లోపం కాపాడింది. 1912 దాకా సినిమాకంటూ కాపీరైటు లేదు, ఫొటోకే ఉంది. అందుకని కంపెనీలు సినిమా మొత్తాన్ని ఒక్కో బొమ్మ చొప్పున కాగితం చుట్టల మీద అచ్చు వేసి లైబ్రరీకి పంపాయి. ఫిల్ములు కాలిపోయాయి, కాగితాలు బీరువాల్లో పడి ఉన్నాయి. 1950లలో కెంప్ నివర్ అనే ఆయన సంవత్సరాల తరబడి కూర్చుని, ఆ కాగితాలను ఒక్కొక్క బొమ్మగా మళ్లీ ఫిల్ము మీదికి ఎక్కించాడు. సుమారు 3,000 బొమ్మలు అట్లా బతికి బయటపడ్డాయి. కెనడా ఉత్తరాన డాసన్ సిటీలో ఇంకో అద్భుతం. సినిమాలను తిరిగి పంపడం దండగని పాత ఈతకొలనులో పోసి మట్టి కప్పారు. 1978లో కొత్త కట్టడం కోసం తవ్వుతుంటే, మంచులో గడ్డకట్టి ఐదు వందల పైచిలుకు రీళ్లు బయటపడ్డాయి.

మనకు మంచు లేదు, కాగితమూ లేదు. 'భీష్మ ప్రతిజ్ఞ' లేదు. 'మార్కండేయ' లేదు. లోటస్ కంపెనీ బొమ్మల్లో ఒక్కటీ లేదు. దక్షిణాది మూకీల్లో పూర్తిగా దొరికినది 1933 నాటి 'మార్తాండ వర్మ' ఒక్కటే. దాన్ని బతికించింది ఒక కోర్టు గొడవ. నవల హక్కుల కోసం తిరువనంతపురం ప్రచురణకర్త దావా వేసి ప్రింటు స్వాధీనం చేసుకున్నాడు, అది ఆ పుస్తకాల కొట్టులో నలభై ఏళ్లు పడి ఉండి, 1974లో పుణె ఫిల్మ్ ఆర్కైవ్‌కు చేరింది. ఆ పుణెలోనే 2003 జనవరిలో మంటలు లేచి, దాచుకున్న నైట్రేట్ రీళ్లు వేల సంఖ్యలో బూడిదయ్యాయి. వెంకయ్య 1941 మార్చి 15న కన్నుమూశాడు. ఆయన పేరు మీద 1980 నుంచి ప్రభుత్వం పురస్కారం ఇచ్చింది. ఆయన తీయించిన బొమ్మ మాత్రం ఇవాళ చూడటానికి లేదు.

అయినా డాసన్ సిటీ ఈతకొలను, తిరువనంతపురం పుస్తకాల కొట్టు తలుచుకుంటే నాకు ఇంకా ఆశ చావదు. కాకినాడలో, బెజవాడలో, బందరులో, మద్రాసు పాత ఇళ్లలో, బర్మా నుంచి తిరిగొచ్చిన కుటుంబాల సందూకల్లో ఎక్కడో జంగు పట్టిన గుండ్రటి రేకు డబ్బా ఉండొచ్చు. అట్లాంటిది మీ ఇంట్లో ఉంటే దాన్ని తుక్కువాడికి వేయకండి. దీపం దగ్గర, పొయ్యి దగ్గర పెట్టకండి. రేకుల షెడ్డు కింద ఎండాకాలం ఉంచకండి. ఏ ప్రొజెక్టర్ మీదా ఎక్కించి చూడకండి. లోపల జిగురుగా అతుక్కుపోయినా, సగం పొడిగా రాలినా పనికిరాదనుకోకండి. ప్రకాశ్ భీష్ముడి వేషంలో చెయ్యెత్తి నిలబడ్డ నాలుగంగుళాల ముక్క దొరికినా చాలు, మన సినిమా పుట్టుకకు అదొక్కటే కళ్లతో చూడగల సాక్ష్యం అవుతుంది. ముందు పుణె ఆర్కైవ్‌కు కబురు చేయండి, వాళ్లు చెప్పాకే మూత తీయండి.